జకార్తాలో ఒళ్లు తగ్గించుకోవాలంటే

చిరంజీవి అమ్మాయికి పిన్ని ఆశీస్సులు.

జకార్తా వెళ్లాక ఒళ్లు చేశావని, ఓట్స్, ఏవేవో పొడులు తెప్పించుకుంటున్నావని మీ అమ్మ చెప్పింది. అవేవీ అక్కర్లేదమ్మా. బాండుంగ్‌లో ఉన్నన్నాళ్లూ నేను అక్కడి సుండా జాతివాళ్ల వంటే వండుకున్నాను. అందులో నూనె చుక్క పడని కూరలు ఎన్నో ఉన్నాయి. ఒళ్లు పెంచేవి వేపుళ్లు, చిక్కటి కొబ్బరిపాలు, పాకంలాంటి తియ్యటి సోయా సాస్ కెచప్ మానిస్, పంచదార టీ. వాటిని తగ్గించి ఆవిరి వంటల వైపు మళ్లు.

ముందు పెపెస్ నేర్చుకో, అంటే అరటాకు పొట్లంలో వండే కూర. చిన్న ఉల్లిపాయలు, వెల్లుల్లి, పండుమిరప, పచ్చి పసుపు కొమ్ము, రెండు కెమిరి (క్యాండిల్‌నట్) గింజలు, ఉప్పు మెత్తగా నూరి కానాగంత చేపకు పట్టించు. అరటాకును మంట మీద అటూ ఇటూ తిప్పు. మెత్తబడి చిరగకుండా మడత పడుతుంది. అందులో చేప పెట్టి, టమాటా ముక్కలు, చితక్కొట్టిన నిమ్మగడ్డి, బిర్యానీ ఆకులా వాడే సలామ్ ఆకు, గుప్పెడు కెమాంగి (నిమ్మవాసన తులసి) వేసి పొట్లం చుట్టి, ఈనెపుల్లలు గుచ్చు. ఇడ్లీపాత్రలో అరగంట ఆవిరి పట్టాక, ఆకు అక్కడక్కడా నల్లబడేదాకా పొడి పెనం మీద కాల్చు. ఈ కాల్చడం మాత్రం మానకు. ఆ ఆకు వాసన చేపకు పట్టాక నూనె లేదన్న సంగతే గుర్తురాదు. చేప వద్దనుకున్న రోజు తోఫుతోనో, పుట్టగొడుగులతోనో ఇలాగే చేసుకో.

సోయా గింజలు పులియబెట్టి అచ్చులా చేసే టెంపే నాకు ప్రాణం. 100 గ్రాముల్లో దాదాపు 19 గ్రాముల మాంసకృత్తులు ఉంటాయి. కానీ మూకుట్లో వేశావంటే నూనె తెగ పీలుస్తుంది. ధనియాలు, వెల్లుల్లి, ఉప్పు నూరి కలిపిన నీళ్లలో ముక్కలు పావుగంట నానబెట్టి, ఆవిరి మీద ఉడికించి, చెంచాడు నూనెతో పెనం మీద రెండు వైపులా ఎర్రగా కాల్చు. కొనేటప్పుడు తెల్లటి బూజు గింజలను గట్టిగా పట్టి ఉందో లేదో చూడు. ఘాటైన వాసన వస్తే వదిలెయ్.

సాయుర్ అసెమ్ అనే పుల్లటి కూరగాయల చారు మన పులుసుకు చుట్టమే. సీమవంకాయ, బొబ్బరికాయలు, మొక్కజొన్న, లేత పనస చింతపండు నీళ్లలో ఉడకాలి, తాలింపు లేదు. బెల్లం మాత్రం చిటికెడు మించనీయకు. భోజనానికి ముందు ఒక గిన్నెడు తాగితే అన్నం దానంతటదే తగ్గుతుంది.

బయట గాడో-గాడో (ఉడికించిన కూరగాయల మీద వేరుశనగ సాస్ పోసేది) తింటే వేరుశనగ సాస్ విడిగా ఇమ్మను. కూరలకు వంక లేదు, బరువంతా ఆ సాస్‌లోనే. టీ అడిగేటప్పుడు ‘తే తావార్’ అను, పంచదార లేకుండా ఇస్తారు. సంబల్ (వాళ్ల మిరప పచ్చడి) కూడా వేయించనిది, పచ్చిగా నూరినది ఎంచుకో.

అల్లుడుగారు షుగర్ మాత్రలు వేసుకుంటున్నారు కదా, ఆయనకు అన్నం తగ్గించే ముందు డాక్టరును తప్పక అడగండి. నీకు నెలకు రెండు కిలోలు తగ్గితే చాలు, తొందరపడి పస్తులుండకు.

మీ పిన్ని