‘అపర్ణ’ అని పేరు పెట్టబోయే ముందు

హనుమకొండ

చిరంజీవి సౌభాగ్యవతి అయిన అమ్మాయికి పెద్దమ్మ ఆశీర్వదించి వ్రాయునది.

నీ ఉత్తరం అందింది. బిడ్డ కృత్తిక మొదటి పాదంలో పుట్టినందున పంచాంగం ప్రకారం అకారంతో మొదలయ్యే పేరు కావలసి వచ్చిందని, మీ ఇద్దరి మనసూ ‘అపర్ణ’ మీద నిలిచిందని, అయితే ఆ పేరుకు ‘ఆకులు లేనిది’ అని అర్థమని ఎవరో చెప్పగా మీ అత్తగారు సందేహంలో పడ్డారని వ్రాశావు. ఇరవై ఒకటవ నాడు తొట్టెలలో వేసేలోగా తేల్చి చెప్పమని అడిగావు. నా అభిప్రాయం ముందే చెబుతున్నాను, ఆ పేరు నిస్సంకోచంగా పెట్టండి. అయితే పెద్దమ్మ చెప్పిందని పెట్టవద్దు. ఆ పేరు ఎక్కడ పుట్టిందో, ఎందుకు పుట్టిందో నీవు తెలుసుకొని, మీ అత్తగారికి నీ నోటితోనే వివరించి, ఆమె మనస్ఫూర్తిగా ఒప్పుకున్న తరువాత పెట్టండి. ఇంటి పెద్దల మనసులో ముల్లు మిగిల్చి పెట్టిన పేరు ఎంత గొప్పదైనా ఆ ఇంట్లో చల్లగా పలకదు.

సంస్కృతంలోని పేరును పరిశీలించేటప్పుడు చాలామంది దానిని ముక్కలుగా విడగొట్టి, ముక్కల అర్థాలను కలిపి, అదే పేరుకు అర్థమని అనుకుంటారు. విడగొట్టడం అవసరమే, కానీ పని అక్కడితో పూర్తి కాదు. ‘పీతాంబరుడు’ అన్న మాటలో పసుపుపచ్చదనం ఉంది, వస్త్రం ఉంది, కానీ ఆ మాట పిలిచేది ఆ రెంటినీ కాదు, ఆ వస్త్రం ధరించిన విష్ణువును. ఇటువంటి సమాసాన్నే బహువ్రీహి అంటారు. ‘అపర్ణ’ కూడా బహువ్రీహియే. పర్ణం అంటే ఆకు, మన భద్రాచలం దగ్గరి పర్ణశాల పేరులో ఉన్నది ఈ పర్ణమే. పర్ణం లేనిది ఎవరికో ఆమె అపర్ణ, ఇంతవరకు వ్యాకరణం చెబుతుంది. ఆ లేకపోవడం ఎటువంటిది, మోడువారిన కొమ్మకు ఆకు లేకపోవడమా, లేక మరొకటా అన్నది వ్యాకరణం చెప్పదు. దానికోసం ఆ పేరుతో మొదట ఎవరిని పిలిచారో, ఏ సందర్భంలో పిలిచారో వెతకాలి. మీకు ‘ఆకులు లేనిది’ అని చెప్పినవారు వెతకకుండా ఆగిపోయింది సరిగ్గా ఇక్కడే.

ఆ సందర్భం కాళిదాసు కుమారసంభవం ఐదవ సర్గలో స్పష్టంగా ఉంది. శివుని కోసం పార్వతి తపస్సు చేస్తోంది. అడవిలో తపస్సు చేసేవారు చెట్టు నుండి తమంతట తాము రాలిన ఆకులను మాత్రమే తిని బతకడం తపస్సుకు పరాకాష్ఠ అని అప్పటివరకు పేరు. ఆమె ఆ రాలిన ఆకులను కూడా వదిలివేసింది. అందువలన పురాణం తెలిసినవారు ఆమెను అపర్ణ అని పిలిచారని కవి చెబుతాడు. కనుక ఈ పేరులోని ఆకు ఆహారంగా తీసుకునే ఆకు, అలంకారంగా ఉండే ఆకు కాదు. ‘ఆకును సైతం ఆహారంగా తీసుకోనిది’ అన్నది దీని అర్థం. మీ అత్తగారు భయపడిన ఎండిన చెట్టు ఈ పేరులో ఎక్కడా లేదు. ఈ కావ్యానికి ‘సంజీవని’ అనే వ్యాఖ్య వ్రాసిన కోలాచల మల్లినాథసూరి మన మెదక్ ప్రాంతపు కొల్చారం వాడు. కాళిదాసు కావ్యాలను దేశమంతా ఈనాటికీ ఆయన వ్యాఖ్యతోనే చదువుకుంటుందంటే, ఆ ఊరికి కొద్దిదూరంలోనే పుట్టిన మన బిడ్డకు అదే కావ్యం నుండి పేరు రావడం నాకు ఎంతో ఇష్టంగా ఉంది.

దీనికి ముందున్న కథ కూడా నీవు తెలుసుకోవాలి. తపస్సుకు వెళతానన్న కూతురిని తల్లి మేన ‘ఉ, మా’ అని, అంటే ‘అమ్మా, వద్దు’ అని వారించిందని, అందుకే ఆమెకు ఉమ అని పేరు వచ్చిందని అదే కావ్యం మొదటి సర్గలో ఉంది. హరివంశంలో ఈ కథ మరొక విధంగా ఉంది. హిమవంతునికి, మేనకు ముగ్గురు కూతుళ్లు. ఒకతె ఒకే ఒక ఆకుతో గడుపుతూ తపస్సు చేసి ఏకపర్ణ అయింది, మరొకతె ఒకే పాటల పువ్వుతో గడిపి ఏకపాటల అయింది, ఏమీ తినకుండా చేసినది అపర్ణ. తల్లి చూడలేక ‘ఉ మా’ అన్నది ఈ అపర్ణనే. ఉమ అన్న పేరులో తల్లి బెంగ ఉంటే, అపర్ణ అన్న పేరులో ఆ బెంగను దాటి నిలిచిన కూతురి పట్టుదల ఉన్నది. మన ఇండ్లలో ఆడపిల్లలకు పెట్టే పేర్లలో ఎక్కువ భాగం అందాన్ని, మెత్తదనాన్ని, సంపదను చెబుతాయి. ఒక ఆడపిల్ల తాను కోరుకున్నదానికోసం తానే నిర్ణయించుకొని చేసిన పనిని చెప్పే పేర్లు చాలా తక్కువ. నేను ఈ పేరును ఇంతగా సమర్థించడానికి అసలు కారణం ఇదే.

పేరులో ఉపవాసం ఉన్నది కాబట్టి బిడ్డ అన్నానికి ముఖం వాచిపోతుందేమోనన్న శంక మీ అత్తగారికి ఇంకా మిగిలితే, ఆమె శుక్రవారం నాడు చదివే లలితా సహస్రనామాన్నే తెరిచి చూపించు. అందులో ‘మహాగ్రాసా మహాశనా’ అన్న నామాల తరువాత వెంటనే ‘అపర్ణా’ అని వస్తుంది. విశ్వాన్నంతా ఆహారంగా తీసుకునే తల్లి అని చెప్పిన మరుక్షణమే, ఆకును కూడా తీసుకోని తల్లి అని చెప్పారు. ఇన్నేళ్లుగా ఆమె భక్తితో ఉచ్చరిస్తున్న నామమే ఇది. అశుభమైన పేరైతే అమ్మవారి స్తోత్రంలో ఉండేదే కాదు. అమరకోశం కూడా దేవి పేర్ల వరుసలో అపర్ణా, పార్వతీ, దుర్గా అని దీనిని పార్వతి పేరుకు ముందే నిలిపింది. సహస్రనామ వ్యాఖ్యానంలో ‘అప’, ‘ఋణ’ అని విడదీసి, ఋణం లేనిది అన్న అర్థం కూడా చెప్పారు. వ్యాకరణం దానికి అడ్డు చెప్పదు, కానీ నా దృష్టిలో అది భక్తితో తరువాత అల్లిన అర్థమే. పేరు పుట్టింది మాత్రం తపస్సులోనే, అందువలన ఎవరైనా అడిగితే మొదటి అర్థమే చెప్పు.

శంకరాచార్యుల పేర ప్రసిద్ధమైన ఆనందలహరిలో ఈ పేరుతో అల్లిన శ్లోకం ఒకటి ఉంది, దాని భావం వ్రాయకుండా ఉండలేను. లోకులు ఆకులు దట్టంగా ఉన్న తీగలను ఆశ్రయిస్తారు గాని, నా మటుకు ఆశ్రయించదగినది ఆకులు లేని తీగ ఒక్కటే, ఎందుకంటే ఆమె చుట్టుకున్న పాత మోడు కూడా కైవల్యమనే ఫలాన్ని ఇస్తున్నది అంటాడు కవి. స్థాణువు అంటే మోడు, శివుడు కూడా. ఆకులు లేవన్న మాటనే పట్టుకొని, దానినే ఆమె మహిమగా మార్చిన ఈ శ్లోకాన్ని మీ అత్తగారికి నెమ్మదిగా, ఆమెకు తీరిక ఉన్న సాయంకాలం వినిపించు.

లేమిని చెప్పే అకారంతో మొదలైన పేరు కీడు అన్న భయం ఈ ఒక్క పేరు విషయంలోనే కాదు, మన చుట్టుపక్కల తరచుగా వింటూ ఉంటాను. అనసూయలో ఉన్నది అసూయ లేకపోవడం. అహల్యకు ఆ పేరు రావడానికి ఆమె రూపంలో వంక పెట్టదగిన ‘హల్యం’, అంటే వికారం, ఏదీ లేకపోవడమే కారణమని రామాయణం ఉత్తరకాండ చెబుతుంది. దేవతల తల్లి అదితి పేరులో ఉన్నది బంధం లేకపోవడం. అపరాజిత, అమల, అనఘ అన్నీ ఇదే కోవకు చెందినవి. లేనిది ఏమిటో చూడాలి తప్ప, ‘లేదు’ అన్న మాట వినగానే ఉలిక్కిపడకూడదు.

ఇక శాస్త్రం సంగతి. ఆడపిల్ల పేరులో అక్షరాల సంఖ్య బేసిగా ఉండాలని, చివర ‘ఆ’ అనే దీర్ఘం ఉండాలని, ఇంట్లో జరిపే సంస్కారాల విధులు చెప్పే పారస్కర గృహ్యసూత్రం చెబుతుంది. సంస్కృతంలో ఇది ‘అపర్ణా’, మూడక్షరాలు, చివర దీర్ఘం, నియమం రెండు విధాలా కుదిరింది. తెలుగులో సీతా సీత అయినట్టు, గౌరీ గౌరి అయినట్టు ఆ దీర్ఘం హ్రస్వమవుతుంది, అది తప్పు కాదు, మన భాష తీరు. స్త్రీల పేరు సుఖంగా పలకడానికి వీలుగా, కఠినం కాకుండా, అర్థం స్పష్టంగా, మంగళకరంగా ఉండాలని మనుస్మృతి రెండవ అధ్యాయంలో ఉంది, ఇది అందరూ పాటించదగిన మాట. అదే గ్రంథం మూడవ అధ్యాయంలో నక్షత్రం, చెట్టు, నది పేర్లు గల కన్యను పెండ్లాడరాదని కూడా ఉంది, దానిని మాత్రం లోకం ఏనాడూ లెక్కపెట్టలేదు. లెక్కపెట్టి ఉంటే మన గోదావరి తీరపు ఊళ్లలో గంగ, తులసి, రోహిణి, గోదావరి అనే పేర్లు గల తల్లులు ఉండేవారే కాదు. కనుక ఎవరైనా శాస్త్రం పేరు చెప్పి భయపెడితే, ఏ గ్రంథమో, ఏ మాటో అడిగి తెలుసుకో.

పుట్టిన నక్షత్రం కూడా ఈ పేరుతో చక్కగా కలిసింది. అపర్ణ చేసిన తపస్సు ఫలించి శివునితో వివాహం జరిగి, వారికి కలిగిన కుమారుని పెంచినవారు కృత్తికలే కదా! ఇది పంచాంగకర్త ఉద్దేశించి చేసిన ఏర్పాటు కాదు, కానీ బిడ్డ పెద్దదై తన పేరు కథ అడిగినప్పుడు చెప్పడానికి బాగుంటుంది. ఆమె బతుకమ్మ ఆడే వయసుకు వచ్చినప్పుడు మరొకటి కూడా చెప్పు. పూల మధ్య పసుపుతో చేసి నిలిపే గౌరమ్మ ఈ అపర్ణయే. తొమ్మిది రోజులలో ఆరవ నాటి అలిగిన బతుకమ్మకు మనం నైవేద్యం పెట్టము. ఆ ఆచారం ఈ కథ నుండి వచ్చిందని నేను అనను, ఆ మాట నీవు కూడా అనవద్దు, కానీ ఏమీ తినకుండా కూర్చున్న గౌరమ్మ మన వాకిలికి కొత్త కాదని మీ అత్తగారు వెంటనే గ్రహిస్తారు.

ఇకముందు చుట్టాలలో ఎవరికైనా పేరు చూడవలసి వస్తే నీకు పనికివస్తుందని ఒక మాట. ఫోన్‌లో కనిపించే పేర్ల జాబితాలను ఆధారంగా తీసుకోవద్దు. వాటిలో దీర్ఘాలు, ఒత్తులు పోయి, ఒక పేరు అర్థం మరొక పేరుకు అంటుకుంటుంది. ‘ఆద్య’ అంటే మొదటిది, ఆదిశక్తి. ‘ఆఢ్య’ అంటే సంపన్నురాలు. ఈ రెంటి మధ్య ‘ఆధ్య’ అని వ్రాసి ఎందరో పిల్లలకు పెడుతున్నారు, దానికి నిఘంటువులో చోటు లేదు. పేరును ముందు తెలుగు లిపిలో సరిగ్గా వ్రాసుకొని, సంస్కృతాంధ్ర నిఘంటువులో, అమరకోశంలో చూడాలి. ఇక్కడ 1904లో స్థాపించిన శ్రీ రాజరాజనరేంద్రాంధ్ర భాషానిలయం అనే గ్రంథాలయం ఉండనే ఉంది. ఒక పూట అక్కడ గడిపితే పోయేదేమీ లేదు, ఆ పేరు బిడ్డ జీవితమంతా మోస్తుంది.

తొట్టెల నాడు పళ్లెంలో బియ్యం పోసి ఉంగరంతో పేరు వ్రాయించేటప్పుడు అల్లుడు గారితో ‘ర’కు ‘ణ’ ఒత్తు పెట్టించు, ‘న’ ఒత్తు కాదు. పర్ణంలో ఉన్నది ణకారమే. పిలవడంలో కూడా మొదటి నుండి ‘అపర్ణ’ అని నిండుగా పిలవండి. ముద్దుకు కుదించి పిలవాలనిపిస్తే, ఇంట్లో గౌరి అనో ఉమ అనో పిలవండి, అవి కూడా ఆమె పేర్లే.

జనన నమోదు ఇరవై ఒక్క రోజులలో చేయించాలి. అప్పటికి పేరు తేలకపోయినా తొందరపడవద్దు. నమోదైన నాటి నుండి పన్నెండు నెలలలోగా రుసుము లేకుండా పేరు చేర్పించవచ్చు, ఆ తరువాత పదిహేనేళ్ల వరకు రుసుముతో వీలుంటుంది. పత్రం చేతికి రాగానే తెలుగులోనూ ఇంగ్లీషులోనూ అక్షరాలు ఒక్కొక్కటే సరిచూడు, బడిలో చేర్చే నాటికి, ఆధార్ తీసుకునే నాటికి ఆ అక్షరాలే ఆధారమవుతాయి. మీ అత్తగారు ఏమన్నారో నాకు ఫోన్ చేసి చెప్పు. ఆమెకు ఇంకా ఏదైనా అడగాలని ఉంటే ఫోన్ ఆమెకే ఇవ్వు, ఎంతసేపైనా మాట్లాడతాను.

ఇట్లు,
మీ పెద్దమ్మ