ఓటు లేకపోయినా లెక్కలో ఉంటారు: టెక్సాస్ ఎట్-లార్జ్ సీటు చెప్పే సంగతి

ప్రశ్న: ఈమధ్యే డాలస్ దగ్గరి ఫ్రిస్కో వచ్చాం. హెచ్-1బీ వీసా మీద ఉన్నాం. ఓటే లేనప్పుడు మా కాంగ్రెస్‌మన్ ఎవరో తెలుసుకుని ఏం లాభం? ఒకప్పుడు టెక్సాస్ మొత్తానికీ కలిపి ఒక సీటు ఉండేదట, నిజమేనా?

నిజమే. అమెరికా పార్లమెంటు (కాంగ్రెస్) దిగువ సభ అయిన హౌస్‌లో దాన్ని ఎట్-లార్జ్ సీటు అనేవారు. మామూలు నియోజకవర్గాల సభ్యులు ఎలాగూ ఉండేవారు. వాళ్ళకు తోడు రాష్ట్రంలోని ఓటర్లందరూ కలిసి ఎన్నుకునే సభ్యుడు ఇంకొకరు. జనాభా లెక్కల తర్వాత టెక్సాస్‌కు సీట్లు పెరిగినప్పుడల్లా శాసనసభ హద్దులు తిరగగీయాలి. గీస్తే ఉన్న సభ్యులకు ఇబ్బంది. అందుకని పాత హద్దులు ముట్టుకోకుండా, పెరిగిన సీటును రాష్ట్రం మొత్తానికీ వదిలేసేవారు. 1913లో రెండు, 1933లో మూడు సీట్లు అలా వచ్చినవే. 1953 నుంచి 1959 దాకా మార్టిన్ డైస్ ఆ సీటులో ఉన్నారు. 1962లో జో పూల్ గెలిచారు. ఆ సీటు నుంచి ఆఖరి సభ్యుడు ఆయనే.

ఇందులో అన్యాయం తెలియాలంటే మీరుంటున్న చోటే చూడండి. 1960 లెక్కల్లో డాలస్ కౌంటీ జనాభా 9,51,527. అంతమందికీ ఒకే నియోజకవర్గం, ఒకే సభ్యుడు. పక్కనే కాలిన్ కౌంటీ ఉన్న నాలుగో నియోజకవర్గంలో 2,16,371 మందే. హౌస్ స్పీకర్‌గా ఏళ్ళ తరబడి పనిచేసిన శామ్ రేబర్న్ సీటు అది. డాలస్‌లో నలుగురి ఓటు కలిస్తేగానీ అక్కడి ఒక్కరి ఓటుకు సరితూగదు. ఎట్-లార్జ్ సీటు పెట్టి ఈ తేడాను సర్దేశామనుకోవడం నాకు చాలా తప్పుగా అనిపిస్తుంది. రాష్ట్రమంతటి సభ్యుడి దగ్గరికి ఒక కాలనీ వాళ్ళు ఏ సమస్య పట్టుకుని వెళ్ళగలరు?

ఈ హద్దుల మీద కోర్టుకు వెళ్ళినవాళ్ళలో హ్యూస్టన్ రిపబ్లికన్ నాయకుడు జార్జ్ బుష్ ఒకరు. తర్వాత అధ్యక్షుడైన పెద్ద బుష్ ఈయనే. పాత హద్దులు చెల్లవని 1963లో ఫెడరల్ కోర్టు చెప్పింది. ఒక్కో సభ్యుడి కింద జనాభా వీలైనంత సమానంగా ఉండాలని 1964లో జార్జియా కేసులో సుప్రీంకోర్టు తేల్చింది. టెక్సాస్ 1965లో హద్దులు మార్చింది, 1966 ఎన్నికలతో ఎట్-లార్జ్ సీటు పోయింది. 1967లో కాంగ్రెస్ చట్టం చేసి, ఒకటికి మించి సీట్లున్న రాష్ట్రాలు ఒక్కో సభ్యుడికి ఒక్కో నియోజకవర్గం గీయాలంది. మన దేశంలోనూ 1961 దాకా ఇద్దరేసి సభ్యుల నియోజకవర్గాలు ఉండేవి. పెద్దవాళ్ళను అడిగితే చెబుతారు.

ఇక మీ సంగతి. సీట్లు పంచేది ఓటర్ల సంఖ్యను బట్టి కాదు, రాష్ట్రంలో నివసించే మొత్తం జనాన్ని బట్టి. ఇప్పుడు టెక్సాస్‌కు 38 సీట్లు. 2020 లెక్కల ప్రకారం ఒక్కో సీటుకు సుమారు 7.67 లక్షల మంది. లెక్కలప్పుడు హెచ్-1బీ, ఎఫ్-1 (స్టూడెంట్ వీసా) మీద ఇక్కడ ఉన్నవాళ్ళూ ఆ లెక్కలోకే వస్తారు.

మీ కాంగ్రెస్‌మన్ ఆఫీసు మీకూ పనిచేస్తుంది. గ్రీన్ కార్డో, ఈఏడీనో (ఉద్యోగం చేసుకునే అనుమతి కార్డు) మామూలు గడువు దాటి ఆగిపోతే, సభ్యుడి స్థానిక ఆఫీసుకు రాయండి. రసీదు నంబరు ఇచ్చి, మీ తరఫున వివరాలు అడగడానికి అనుమతిస్తూ వాళ్ళ ఫారం మీద సంతకం చేయాలి. ఫైలు ఎక్కడుందో కనుక్కుంటారు. ఆమోదించమని ఆదేశించలేరు. పైసా ఖర్చుండదు, డబ్బు అడిగేవాళ్ళెవరైనా ఉంటే ఆ ఆఫీసు వాళ్ళు కాదని తెలుసుకోండి. టెక్సాస్ హద్దులు 2025లో మళ్ళీ మార్చారు, పక్కింటివాళ్ళు చెప్పింది నమ్మకుండా హౌస్ వెబ్‌సైట్‌లో మీ పూర్తి అడ్రస్ కొట్టి చూడండి. ఒకే జిప్ కోడ్ రెండు నియోజకవర్గాల్లో ఉండొచ్చు.

2030 ఏప్రిల్‌లో మళ్ళీ లెక్కలు. అపార్ట్‌మెంట్‌లో నలుగురు రూమ్మేట్లుంటే నలుగురి పేర్లూ ఒకే ఫారంలో రాయాలి; లీజు ఎవరి పేరు మీదున్నా సరే. చుట్టపుచూపుగా వచ్చిన అమ్మానాన్నల్ని మాత్రం రాయకండి. మీరిచ్చిన వివరాలు ఇమిగ్రేషన్ వాళ్ళకు ఇవ్వడాన్ని చట్టం ఒప్పుకోదు, కాబట్టి ఆ టెన్షన్‌తో ఫారం పక్కన పడేయొద్దు.