కేసు నడుస్తున్న ఫ్లాటును బ్యాంకు వేలంలో కొనవచ్చా?

ప్రశ్న: మాది గాజువాక. ఉక్కు కర్మాగారంలో పదవీ విరమణ చేశాను. మధురవాడలో ఒక ఫ్లాటును బ్యాంకు 38 లక్షల రిజర్వు (కనీస) ధరతో వేలానికి పెట్టింది. అదే అపార్టుమెంటులో ఫ్లాట్లు 48 లక్షలు పలుకుతున్నాయి. అప్పు తీసుకున్న వ్యక్తి డీఆర్‌టీలో (రుణ వసూళ్ల ట్రిబ్యునల్‌లో) కేసు వేశారట. పీఎఫ్, గ్రాట్యుటీ కలిపి నా దగ్గర 45 లక్షలు ఉన్నాయి. వేలం పాడవచ్చా?

జవాబు: మీరు చెప్పిన పది లక్షల తేడాలో ఎక్కువ భాగం ఆ కేసుకు కట్టిన వెల అనే అనుకోవాలి. తనఖా ఆస్తిని బ్యాంకు స్వాధీనం చేసుకుని అమ్మే వీలు కల్పించే 2002 నాటి సర్ఫేసీ చట్టం 17వ సెక్షన్ ప్రకారం, బ్యాంకు తీసుకున్న చర్యపై రుణగ్రహీత 45 రోజుల్లోగా విశాఖపట్నంలోని డీఆర్‌టీని ఆశ్రయించవచ్చు. కేసు వేసినంత మాత్రాన వేలం ఆగదు; స్టే ఉత్తర్వు ఉంటేనే ఆగుతుంది. అక్కడ ఓడినా, బాకీలో సగం, ట్రిబ్యునల్ తగ్గిస్తే కనీసం పాతిక శాతం జమ చేసి, కోల్‌కతాలోని అప్పీలు ట్రిబ్యునల్‌కు వెళ్లే దారి ఉంది కనుక, వివాదం ఏళ్ల తరబడి సాగవచ్చు.

ఇటువంటి కేసుల్లో బ్యాంకు పాటించిన పద్ధతిని నిశితంగా పరిశీలిస్తారు. అరవై రోజుల డిమాండు నోటీసు ఇచ్చారా, రుణగ్రహీత అభ్యంతరాలకు పదిహేను రోజుల్లో జవాబిచ్చారా, అమ్మకానికి ముందు ముప్పై రోజుల గడువు ఉందా అన్నవి చూస్తారు. ఆ ముప్పై రోజుల నియమం దగ్గరే 2014లో మాథ్యూ వర్గీస్ కేసులో అమ్మకం సుప్రీంకోర్టులో నిలబడలేదు. పొరపాటు బ్యాంకుదైనా, ఫ్లాటు పోయేది పాటదారుకే. డబ్బు తిరిగి వచ్చినా, ఈలోగా పెరిగిన ధరను ఎవరూ ఇవ్వరు.

మీకు అనుకూలమైన మాట కూడా ఒకటి ఉంది. వేలం ప్రకటన వెలువడిన తర్వాత బాకీ చెల్లించి ఆస్తిని విడిపించుకునే హక్కు రుణగ్రహీతకు ఉండదని 2023 సెప్టెంబరులో సెలిర్, బఫ్నా మోటార్స్ కేసులో సుప్రీంకోర్టు చెప్పింది. అయితే తనఖా పెట్టిన వ్యక్తికి అసలు హక్కే లేదంటూ అన్నదమ్ములెవరైనా సివిల్ కోర్టుకు వెళితే అది వేరే తలనొప్పి. లింకు పత్రాలు (పాత యాజమాన్య దస్తావేజులు), ఈసీ (ఆస్తిపై రిజిస్టరైన లావాదేవీల ధ్రువపత్రం) చూపించి న్యాయవాది అభిప్రాయం తీసుకోండి.

ఇక డబ్బు లెక్కకు వద్దాం. మీరు 40 లక్షలకు పాడారనుకుంటే, వేలానికి ముందు కట్టిన ధరావతుతో కలిపి పది లక్షలు అదే రోజు లేదా మరుసటి పని దినాన చెల్లించాలి. మిగిలిన 30 లక్షలను అమ్మకం ఖరారైన పదిహేను రోజుల్లో కట్టాలి. బ్యాంకు లిఖితపూర్వకంగా ఒప్పుకుంటే మొత్తం మూడు నెలల వరకు పొడిగించవచ్చు. గడువు తప్పితే కట్టిన పది లక్షలు జప్తవుతాయి. 2024లో మరో కేసులో సుప్రీంకోర్టు ఆ నిబంధనను సమర్థించింది. 40 లక్షలు ఏడు శాతం వడ్డీకి ఉంటే ఏడాదికి 2.80 లక్షలు వచ్చేవి. స్వాధీనం రెండేళ్లు ఆలస్యమైతే 5.60 లక్షలు పోతాయి. స్టాంపు డ్యూటీ, రిజిస్ట్రేషన్, పాత మెయింటెనెన్స్ బకాయి, జీవీఎంసీ (విశాఖ నగరపాలక సంస్థ) పన్ను చేర్చి చూస్తే తేడా దాదాపు కరిగిపోతుంది. ‘ఉన్నది ఉన్నట్లుగా’ అని ప్రకటనలో రాసేది ఆ బకాయిల భారం మీ మీదకు రావాలనే.

కాబట్టి ఈ ఫ్లాటుకు మీరు పాడవద్దని నా సలహా. పదవీ విరమణ సొమ్ము దాదాపు మొత్తం ఒకే వివాదంలో పెట్టే స్తోమత మీకు లేదు. ఇంకో పది లక్షలు విడిగా ఉండి, బ్యాంకు చేతిలో ఫ్లాటు తాళం ఉంటే (కాగితం మీది స్వాధీనం చాలదు) అప్పుడు ఆలోచించవచ్చు. ఆ పరిస్థితి ఉన్నా, ధరావతు కట్టే ముందు డీఆర్‌టీలో ఆ కేసు ఉత్తర్వుల ధ్రువీకృత నకళ్లు తెప్పించి, రుణగ్రహీత అభ్యంతరాలకు బ్యాంకు జవాబిచ్చిందో లేదో మీ న్యాయవాది చేత చూపించండి. జవాబివ్వలేదని తేలితే ఆ వేలం జోలికి వెళ్లవద్దు.