కౌన్సిలర్‌గా మొదలై యూరోపియన్ పార్లమెంటు దాకా వెళ్లిన ఐరిష్ నాయకులు ఉన్నారా?

ఉన్నారు. నాకు వెంటనే గుర్తొచ్చేది ల్యూక్ 'మింగ్' ఫ్లానగన్. ఏ పార్టీలోనూ లేని ఇండిపెండెంట్. 1999లో యూరోపియన్ ఎన్నికల్లో నిలబడి ఓడిపోయారు. 2004లో రాస్‌కామన్ కౌంటీ కౌన్సిల్‌కి ఎన్నికయ్యారు, 2010లో అక్కడే మేయర్ అయ్యారు, 2011లో ఐర్లాండ్ పార్లమెంటుకి వెళ్లారు.

ఆయనకు ఊళ్లలో బలం తెచ్చిన అంశాల్లో ఒకటి టర్ఫ్. అంటే బురదనేలల్లో తవ్వి, ఎండబెట్టి పొయ్యిలో వాడే పీట్. ప్రకృతి రక్షణ కోసం యూరోపియన్ యూనియన్ చట్టాల కింద కొన్నిచోట్ల ఆ తవ్వకాన్ని ఆపేస్తే, ఆయన తవ్వేవాళ్ల పక్షాన నిలబడ్డారు. తమాషా ఏంటంటే, 2014లో అదే యూనియన్ పార్లమెంటుకి మిడ్‌లాండ్స్–నార్త్-వెస్ట్ నియోజకవర్గం నుంచి గెలిచారు. రెండు పార్లమెంట్లలో ఒకేసారి ఉండకూడదు కాబట్టి ఐర్లాండ్ పార్లమెంటు సీటు వదులుకున్నారు. 2019, 2024లో మళ్లీ గెలిచారు.