క్రేడిల్ ఆఫ్ ఫిల్త్: ఏ ఆల్బమ్‌తో మొదలుపెట్టాలి, ఆ పాత సౌండ్ మన రిహార్సల్ గదిలో ఎలా వస్తుంది?

ఇంగ్లండ్ మెటల్ బ్యాండ్ క్రేడిల్ ఆఫ్ ఫిల్త్ గురించి మీరు అడిగినవి మూడు. 2004 ఆల్బమ్ "నింఫెటమైన్" నచ్చి వెనక్కి వెళ్తే పాత ఆల్బమ్‌లు వేరే బ్యాండ్‌వి అనిపించాయి, ఎందుకని? 1998 ఆల్బమ్‌లో డ్రమ్స్ టైప్‌రైటర్ కొట్టినట్టు ఎందుకున్నాయి? రెండు గిటార్లు, ఒక్క కీబోర్డుతో ఆ రక్తపిశాచాల వాతావరణం తేవడం కుదురుతుందా?

మొదటిదానికీ మూడోదానికీ కిటుకు ఒకటే: పాటలో ట్యూన్‌ని మోస్తున్నది ఎవరో పట్టుకోండి. తొంభైల్లో కీబోర్డు మోసింది. 2004 నుంచి ఆ బరువు గిటార్ల మీద పడింది. 2015 తర్వాత గిటార్లు ముందుండి, కీబోర్డు పక్కనుంచి కొంత పంచుకుంది. ఇది బ్లాక్ మెటలా, గాథిక్ మెటలా అన్న తగాదా ముప్పై ఏళ్లుగా తెగలేదు, మనం తెంచనక్కర్లేదు.

ఇంగ్లండ్‌లోని సఫోక్‌లో 1991లో మొదలైన బ్యాండ్ ఇది. అప్పటినుంచి ఇప్పటిదాకా మిగిలింది గాయకుడు డాని ఫిల్త్ ఒక్కడే. 1994లో మొదటి ఆల్బమ్ "ది ప్రిన్సిపుల్ ఆఫ్ ఈవిల్ మేడ్ ఫ్లెష్" వచ్చాక గిటారిస్టులిద్దరూ, కీబోర్డిస్టూ ఒకేసారి వెళ్లిపోయి ది బ్లడ్ డివైన్ అని సొంత బ్యాండ్ పెట్టుకున్నారు. సభ్యులు ఇలా మూకుమ్మడిగా మారడం ఈ బ్యాండ్‌కి మామూలే. సౌండ్ మారిన ప్రతిసారీ ముందు ఎవరు వెళ్లారో, ఎవరు వచ్చారో చూడండి, సగం సంగతి అక్కడే తెలిసిపోతుంది.

మీరు మొదలుపెట్టాల్సింది 1996లో వచ్చిన "డస్క్ అండ్ హర్ ఎంబ్రేస్"తో. దీన్ని 1995లోనే మొదటి లేబుల్ కాకోఫనస్ కోసం ఒకసారి రికార్డ్ చేశారు. లేబుల్‌తో గొడవ ముదిరింది. ఒప్పందం వదిలించుకోవడానికి "వి ఎంపైర్" అనే చిన్న రికార్డు ఇచ్చి బయటపడి, మ్యూజిక్ ఫర్ నేషన్స్ అనే కొత్త లేబుల్ కోసం ఆల్బమ్‌ని మళ్లీ మొదటినుంచి రికార్డ్ చేశారు. అటకెక్కిన ఆ పాత రికార్డింగ్ 2016లో "ది ఒరిజినల్ సిన్" పేరుతో బయటికొచ్చింది. "ఫ్యునరల్ ఇన్ కార్పేథియా" రెండింట్లోనూ ఉంది, వెంటవెంటనే వినండి. పాతదాంట్లో గిటార్ గరగర ముందుంటుంది. 96 నాటిదాంట్లో కీబోర్డు పైకి లేచి, చుట్టూ గది పెద్దదైనట్టుంటుంది. 96 నాటిదాని నిర్మాత కిట్ వూల్వెన్ అంతకుముందు థిన్ లిజీ, మాగ్నమ్ లాంటి రాక్ బ్యాండ్లతో పనిచేసినవాడు. మాటలు వినపడాలి, పొరలు విడివిడిగా ఉండాలి అనే అలవాటు అక్కడిదే అని నా లెక్క.

రక్తపిశాచి ఇక్కడ కోరలుగా కనపడదు, వాయిద్యాల అమరికలో ఉంటుంది. గిటార్లు పూర్తి కార్డులు కొట్టకుండా ట్రెమొలో పికింగ్‌లో (ఒకే తీగని వేగంగా పైకీ కిందికీ మీటడం) ఒక్కో స్వరమే గీస్తాయి. కింద కీబోర్డు నుంచి స్ట్రింగ్స్ (వయొలిన్ల గుంపు), కోయిర్ (బృందగానం) శబ్దాలు పరుచుకుని ఉంటాయి. పైన డాని కీచుగొంతు, పక్కన సారా జెజబెల్ దీవా ఆడగొంతు, మధ్యమధ్యలో కథ చెప్పినట్టు మాట్లాడే గొంతు. ఈ మూడో గొంతుని చాలామంది మరిచిపోతారు. "క్రూయల్టీ అండ్ ది బీస్ట్" (1998) మొత్తం హంగరీ దొరసాని ఎలిజబెత్ బాతరీ కథ. అందులో బాతరీ మాటలు చెప్పింది 1971 నాటి "కౌంటెస్ డ్రాక్యులా" సినిమాలో ఆ పాత్రే వేసిన ఇన్‌గ్రిడ్ పిట్. పదకొండు నిమిషాల "బాతరీ ఏరియా"ని ఆ గొంతు లేకుండా ఊహించుకోలేం.

ఇక ఆ ఆల్బమ్ డ్రమ్స్. డ్రమ్మర్ నికొలస్ బార్కర్ వాయింపులో లోపం లేదు, శబ్దంలో ఉంది. లెక్క చూడండి. 200 బీపీఎంలో (నిమిషానికి 200 బీట్లు) డబుల్ బాస్, అంటే రెండు కాళ్లతో కొట్టే కిక్ డ్రమ్, పదహారో వంతు నోట్లు (బీటుకి నాలుగు) కొడితే సెకనుకి పదమూడు దెబ్బలు పైన. అంటే దెబ్బకీ దెబ్బకీ మధ్య 75 మిల్లీసెకన్లు. కిక్ డ్రమ్ అడుగు శబ్దం ఉండే 60 హెర్ట్జ్‌లో ఒక్క అల పూర్తవడానికే దాదాపు 17 మిల్లీసెకన్లు కావాలి. నాలుగు అలలు తిరిగేసరికి తర్వాతి దెబ్బ నెత్తిన ఉంటుంది, అడుగంతా బురదవుతుంది. అందుకే ఈ వేగంలో కిక్ కింది భాగం కోసి, 3 నుంచి 5 కిలోహెర్ట్జ్ మధ్య ఉండే టిక్కు శబ్దాన్ని పెంచుతారు. అది మితిమీరితే మిగిలేది టైప్‌రైటరే. 2019లో ఇదే ఆల్బమ్‌ని మళ్లీ మిక్స్ చేసి విడుదల చేశారు. పాతదీ కొత్తదీ ఒకే వాల్యూమ్‌కి సర్ది పక్కపక్కన వినండి, మిక్సింగ్ క్లాసు ఫీజు మిగులుతుంది. అయినా పాత మిక్స్‌లోని ఆ ఎండిపోయిన చప్పుడే కథకి నప్పిందనేవాళ్లున్నారు. వాళ్లదీ తీసిపారేసే మాట కాదు.

2000లో "మిడియన్". డ్రమ్స్‌కి ఏడ్రియన్ ఎర్లాండ్‌సన్, కీబోర్డుకి అంతకుముందు మై డైయింగ్ బ్రైడ్ బ్యాండ్‌లో పనిచేసిన మార్టిన్ పావెల్ వచ్చారు. "హర్ ఘోస్ట్ ఇన్ ది ఫాగ్" వింటే పొరలు పలచబడి, ఒక్క ట్యూన్ గుర్తుండేలా నిలబడటం తెలుస్తుంది. కొత్తవాళ్లకి వినిపించడానికి ఇంతకన్నా మంచి పాట లేదు. 2003లో సోనీ లేబుల్ మీద "డామ్నేషన్ అండ్ ఎ డే"కి బుడాపెస్ట్ నుంచి నిజం ఆర్కెస్ట్రా, కోయిర్ తెచ్చారు. గొప్పగానే ఉంటుంది కానీ ఒకే విడతలో వినలేం. నాలుగు భాగాలుంటాయి, భాగానికి ఒక పూట పెట్టుకోండి.

మీకు నచ్చిన "నింఫెటమైన్" (2004) రోడ్‌రన్నర్ లేబుల్‌కి మారాక వచ్చింది. అప్పటినుంచి గిటార్లు అరచేయి ఆనించి తెగ్గొట్టే బరువైన రిఫ్‌లకి (పదేపదే వచ్చే గిటార్ ముక్కలకి) మారాయి, కీబోర్డు వెనక వరసకి జరిగింది. అతిథి గాయని లివ్ క్రిస్టీన్ పాడిన టైటిల్ పాట గ్రామీ నామినేషన్ దాకా వెళ్లింది. ఆల్బమ్‌లో ఆ పాట పొడుగాటి రూపం కూడా ఉంది, అది వింటే పాత బ్యాండ్ పూర్తిగా పోలేదని తెలుస్తుంది. "థార్నోగ్రఫీ" (2006) ఇదే దారిలో ఇంకాస్త ముందుకెళ్లి బోర్లాపడింది. పాతకాలపు అభిమానులు విసుక్కున్నది దీని మీదే, నేనూ వాళ్ల పక్షమే. 2008లో పదిహేనో శతాబ్దపు ఫ్రెంచ్ ప్రభువు, పిల్లల హంతకుడిగా పేరుపడ్డ జీల్ ద రే కథతో చేసిన "గాడ్‌స్పీడ్ ఆన్ ది డెవిల్స్ థండర్" వేగాన్ని వెనక్కి తెచ్చింది. "హ్యామర్ ఆఫ్ ది విచెస్" (2015)లో అశోక్, రిచర్డ్ షా జంట గిటార్లు ఐరన్ మెయిడెన్ తరహాలో జోడుగా ట్యూన్ పాడతాయి. పేరు చూసి మనవాడనుకోకండి, ఆ అశోక్ చెక్ దేశస్థుడు. 2025 నాటి "ది స్క్రీమింగ్ ఆఫ్ ది వాల్కిరీస్"లోనూ గిటార్లే సారథులు, కీబోర్డు పక్కనుంచి సాయం.

మీ రిహార్సల్ సంగతికి వద్దాం. ముందు 2012 నాటి "మిడ్‌నైట్ ఇన్ ది లాబిరింత్" వినమనండి మీ కీబోర్డిస్టుని. తొలి ఆల్బమ్‌ల పాటలకి ఆర్కెస్ట్రా రూపం అది, రాక్ గిటార్లు, డ్రమ్స్ ఉండవు. పొరలు బట్టబయలుగా వినపడతాయి.

స్కేల్ కష్టమేం కాదు. హార్మోనిక్ మైనర్ అంటే మన కీరవాణి. శుద్ధ ధైవతం నుంచి కాకలి నిషాదానికి దూకే ఆ ఎడం దగ్గరే కోట తలుపు కిర్రుమంటుంది. ఇ (E) షడ్జమం అయితే సి (C) నుంచి డి షార్ప్‌కి (D#). కర్ణాటక సంగీతం నేర్చినవాళ్లకి ఇక్కడొక ఇబ్బంది: చేయి అలవాటుగా గమకం వేస్తుంది. వద్దు, స్వరం కర్రలా నిలబడాలి, లేకపోతే డ్రాక్యులా కోట కాస్తా సినిమా పాటవుతుంది. ఇ మైనర్ నుంచి నేరుగా సి మైనర్‌కి కార్డు మార్చి చూడండి, ఆ చలి వెంటనే తగులుతుంది.

ఒక్క కీబోర్డే కాబట్టి మధ్య సి దగ్గర స్ప్లిట్ పెట్టండి, అంటే రెండు చేతులకీ వేర్వేరు శబ్దాలు వచ్చేలా కీలని విడదీయండి. ఎడమచేతికి కోయిర్, స్ట్రింగ్స్ కలిపిన ఒకే శబ్దం. కుడిచేతికి పియానో గానీ హార్ప్సికార్డ్ గానీ, లీడ్ గిటార్ ట్యూన్‌కి ఒక స్థాయి పైన. నాలుగైదు శబ్దాలు ఒకదానిమీద ఒకటి పేర్చితే గొప్పగా ఉంటుందనుకుంటారు, ఆంప్లు ఆన్ చేశాక ఒక్కటీ వినపడదు. స్ట్రింగ్స్ ప్యాచ్‌లో అటాక్ (కీ నొక్కాక శబ్దం పూర్తిగా లేవడానికి పట్టే సమయం) 100 మిల్లీసెకన్లు ఉంటే 200 బీపీఎంలో ప్రతి స్వరం ఆలస్యంగా లేస్తుంది, డ్రమ్మర్ మిమ్మల్ని తిడతాడు. దాన్ని 10 నుంచి 20కి దించండి. రివర్బ్ (గది ప్రతిధ్వని) నెమ్మది భాగాల్లో రెండు సెకన్లు సరిపోతుంది, బ్లాస్ట్ బీట్ (డ్రమ్స్ ఊపిరాడకుండా వేగంగా కొట్టే భాగం) వచ్చినప్పుడు ఒక సెకనుకి తగ్గించండి. రివర్బ్‌లో 250 హెర్ట్జ్ కింద ఉన్నదంతా కోసేయండి.

గిటార్లకి 90 హెర్ట్జ్ దగ్గర హైపాస్, అంటే దానికింది శబ్దాన్ని కోసే ఫిల్టర్. కీబోర్డు ట్యూన్ మోసే చోట 1 నుంచి 2 కిలోహెర్ట్జ్ మధ్య 2, 3 డెసిబెల్స్ తగ్గించండి. గెయిన్ (ఆంప్‌లో గరగరని పెంచే మీట) మీరనుకున్నదానికన్నా పాతిక శాతం తక్కువ పెట్టండి, ట్రెమొలో పికింగ్‌లో గెయిన్ ఎక్కువైతే స్వరాలు విడిగా తెలియవు, ఈగల గుంపు చప్పుడొస్తుంది. ఇద్దరు గిటారిస్టులూ ఒకే చోట ఒకే రిఫ్ కొట్టొద్దు, రెండోవాడు మూడో స్వరం మీద జోడు కట్టాలి. కిక్‌కి ట్రిగ్గర్ (ప్రతి దెబ్బకీ ముందే రికార్డ్ చేసిన శాంపిల్ శబ్దం మోగించే పరికరం) వాడితే సహజ శబ్దాన్ని పూర్తిగా తీసేయకండి, సగానికి పైగా ఉంచి శాంపిల్‌ని కలపండి. 4 కిలోహెర్ట్జ్ దగ్గర 3 డెసిబెల్స్ మించి ఎత్తకండి.

కీచుగొంతు విషయంలో మీ గాయకుణ్ని తొందరపెట్టొద్దు. ఆ శబ్దానికి ఊపిరి పొట్టలోంచి రావాలి, వాల్యూమ్ మైకు నుంచి రావాలి. మామూలుగా మాట్లాడే గొంతుకన్నా ఎక్కువ గాలి తోస్తున్నాడంటే తప్పు చేస్తున్నట్టే. మొదట్లో పదిహేను, ఇరవై నిమిషాలు చాలు. గొంతులో గీసినట్టున్నా, మంటపుట్టినా ఆ రోజుకి ఆపించి, కథ చెప్పే మాటల భాగం ప్రాక్టీస్ చేయించండి.