రాత్రి టార్చి పట్టుకుని వెతకండి, గూడు దొరుకుతుంది

సియాటిల్ దగ్గర కొన్న ఇంట్లో రాత్రిళ్లు సింకు చుట్టూ పెద్ద నల్ల చీమలు తిరుగుతున్నాయని, కిటికీ కింద రంపపు పొట్టు రాలుతోందని, చెదలేమోనని టెన్షన్ పడుతున్నారు కదండీ. నాకైతే ఇవి కార్పెంటర్ చీమల్లా ఉన్నాయి. ఇవి చెక్కను తినవు, గూడు కోసం తొలిచి పొట్టు బయట పడేస్తాయి. ఆ పొట్టును తెల్ల కాగితం మీద పోసి చూడండి. అందులో చచ్చిన పురుగుల కాళ్లు, తలల ముక్కలు కనిపిస్తే దాదాపు ఖాయం.

దయచేసి అప్పుడే స్ప్రే కొట్టకండి. చీమలు చెదిరిపోతాయి, గూడు ఎక్కడుందో తెలియదు.

చీకటి పడ్డాక, ముఖ్యంగా రాత్రి 10 నుంచి 2 మధ్య వీటి రాకపోకలు ఎక్కువ. టార్చికి ఎర్ర కాగితం చుట్టండి, ఎర్ర వెలుగు వాటికి సరిగా కనిపించదు. అట్ట ముక్క మీద తేనె చుక్క పెట్టి ఓపిగ్గా కూర్చోండి. తాగిన చీమ పొట్ట ఉబ్బి నిగనిగలాడుతుంది. అది వెనక్కి ఎటు పోతోందో చూసి, ఆ దారినే వెళ్లండి. పునాది అంచులు, కంచె, గోడకు తగిలే కొమ్మలు, పైకప్పుకు వచ్చే తీగలు, అన్నీ చూడాలి.

సాధారణంగా రాణి ఉండే అసలు గూడు బయట మోడులోనో, చెట్టులోనో ఉంటుంది. ఇంట్లోది దానికి అనుబంధంగా పెట్టుకున్న గూడు. కిటికీ కింద చెక్క మెత్తబడిందేమో స్క్రూడ్రైవర్‌తో పొడిచి చూడండి, నీటి లీకేజీ ఉంటే ముందు అది ఆపించండి. దారి దొరికితే ఫోటో పెట్టండి, మందు సంగతి అప్పుడు చూద్దాం.