ఛుట్టీ తేదీ నెలసరి చూసి పెట్టించండి

మీ ప్రశ్నలు – మా జవాబులు: నలభై దాటాక గర్భం

ప్రశ్న: నాకు 41 ఏళ్లు. ఆలస్యంగా పెళ్లయింది, పిల్లల్లేరు. మా ఆయన దుబాయ్‌లో ఉంటారు. మూడు నెలల తర్వాత 45 రోజుల ఛుట్టీ మీద వస్తున్నారు. రక్త పరీక్షలో ఏఎంహెచ్ అనే హార్మోన్ 0.9 వచ్చింది. గుడ్లు అయిపోయాయని ల్యాబ్‌లో అన్నారు. ఇక ఆశ లేదా?
– ఓ సోదరి, జగిత్యాల

జవాబు: ఆ మాట పట్టించుకోకండమ్మా. ఐవీఎఫ్ (అండాన్ని, వీర్యకణాన్ని ల్యాబ్‌లో కలిపి పిండాన్ని గర్భసంచిలో పెట్టే చికిత్స) ఇంజెక్షన్లు వేస్తే ఎన్ని అండాలు రావచ్చో ఏఎంహెచ్ అంచనాగా చెబుతుంది. ఈ నెల గర్భం నిలుస్తుందా లేదా అన్నది చెప్పదు. 41 ఏళ్లకు 0.9 వింతేమీ కాదు. అసలు ఇబ్బంది అండం నాణ్యతతో. వయసుతో పాటు క్రోమోజోముల లోపాలు పెరుగుతాయి. దాన్ని బాగుచేసే పొడులు, టానిక్కులు లేవు, వాటి మీద డబ్బు పోయకండి. నలభై ఏళ్లకు నెలనెలా గర్భం నిలిచే అవకాశం నూటికి ఐదు వరకే ఉంటుంది. అందుకే ఒక్క నెల కూడా వృథా కావద్దు.

ఈ మూడు నెలల్లో మీ పరీక్షలన్నీ అయిపోవాలి. నెలసరి రెండో రోజో మూడో రోజో ఎఫ్‌ఎస్‌హెచ్, ఎస్ట్రాడయాల్, థైరాయిడ్, ప్రొలాక్టిన్ హార్మోన్ల పరీక్షలకు రక్తం ఇవ్వండి. అదే రోజు లోపలి స్కాన్‌లో చిన్న ఫాలికిల్స్ (అండం పెరిగే నీటి సంచులు) ఎన్ని ఉన్నాయో లెక్కపెట్టించండి. బ్లీడింగ్ ఆగాక, అండం విడుదల కాకముందే ట్యూబుల ఎక్స్‌రే (హెచ్‌ఎస్‌జీ) తీయించుకోవాలి. షుగర్, బీపీ, హిమోగ్లోబిన్, రుబెల్లా (గర్భిణికి సోకితే బిడ్డకు హాని చేసే వైరస్) నుంచి రక్షణ ఉందో లేదో కూడా చూడాలి. రుబెల్లా టీకా వేసుకోవాల్సి వస్తే ఆ తర్వాత నెల రోజులు గర్భం రాకూడదు కాబట్టి అదీ ఇప్పుడే తేల్చుకోండి. ఫోలిక్ యాసిడ్ ఈ రోజు నుంచే మొదలుపెట్టండి. రోజుకు 400 మైక్రోగ్రాములు చాలు. మందుల షాపులో అడగ్గానే తరచూ ఇచ్చేది 5 మిల్లీగ్రాముల మాత్ర. అది షుగర్ ఉన్నవాళ్లకు, ఫిట్స్ మందులు వాడేవాళ్లకు, అలాంటి మరికొందరికి డాక్టర్ రాసేది.

మీ ఆయన వీర్య పరీక్ష అక్కడే, ఇప్పుడే చేయించుకోవాలి. వీర్యకణం తయారవడానికి సుమారు రెండున్నర నెలలు పడుతుంది. ఇక్కడికి వచ్చాక లోపం బయటపడితే మందు పనిచేసేలోపు ఛుట్టీ అయిపోతుంది. శాంపిల్‌కు ముందు 2 నుంచి 7 రోజులు కలయిక ఉండకూడదు, గంటలోపు ల్యాబ్‌కు చేరాలి. బీడీ, సిగరెట్ మానాలి. జిమ్‌లో ఇచ్చే టెస్టోస్టిరాన్ ఇంజెక్షన్ల వల్ల వీర్యకణాలు పూర్తిగా ఆగిపోవచ్చు కూడా.

ఇక ఛుట్టీ తేదీ. నలభైల్లో చాలామందికి నెలసరి 25 రోజులకే వస్తుంది, అంటే అండం 11వ రోజుకే విడుదలవుతుంది. మీకూ అలాగే ఉంటే, నెలసరి మొదలైన రోజుల్లో ఆయన దిగేలా చూసుకోండి. 45 రోజుల్లో రెండు అండాలు అందుతాయి. నెలసరి 12వ రోజున దిగితే ఒక్కటే. 8వ రోజు నుంచి 16 వరకు రోజు విడిచి రోజు కలవండి. వీర్యకణాలు ఐదు రోజుల వరకు బతుకుతాయి, అండం ఒక్క రోజుకు మించి ఉండదు. అందుకని అండం విడుదలయ్యాక మొదలుపెడితే ఆలస్యమైనట్టే.

తిరిగి వెళ్లేముందు రిజిస్టర్డ్ సెంటర్‌లో వీర్యం ఫ్రీజ్ చేయించి, ఇద్దరూ అంగీకార పత్రాల మీద సంతకాలు పెట్టండి. ఆయన లేకపోయినా ఐవీఎఫ్ ఆగదు. నెలల తరబడి గుడ్డు పెరిగే మాత్రలే మింగుతూ కూర్చోవడం ఈ వయసులో సరికాదు.

ప్రశ్న: నాకు 43. కొడుకును పోగొట్టుకున్నాం. 18 ఏళ్ల కింద కు.ని. ఆపరేషన్ అయింది. ట్యూబులు మళ్లీ కలిపిస్తే పిల్లలు పుడతారా?
– హనుమకొండ

జవాబు: మీ దుఃఖానికి మా దగ్గర మాట లేదమ్మా. అడిగినదానికి నిజమే చెబుతాం. ట్యూబులు కలిపే ఆపరేషన్ చిన్న వయసులో బాగా పనిచేస్తుంది. 43 ఏళ్లకు ట్యూబు తెరుచుకున్నా అండం సహకరించడం అరుదు, ట్యూబులోనే గర్భం నిలిచే ప్రమాదమూ ఉంది. కోలుకుని ఎదురుచూడటంలోనే ఏడాది పోతుంది. ఐవీఎఫ్‌కు ట్యూబులతో పని లేదు. సొంత అండాలతో ఈ వయసులో ఫలితం తక్కువే, దాత అండాలతో చాలా మెరుగు. ఐవీఎఫ్ లాంటి సంతాన చికిత్సల మీద వచ్చిన 2021 చట్టం ప్రకారం స్త్రీకి 50 ఏళ్ల వరకు ఈ చికిత్స చేయొచ్చు. దాత వయసు 23 నుంచి 35 మధ్య ఉండాలి, జీవితంలో ఒక్కసారే ఇవ్వాలి. ముందు బీపీ, షుగర్, గుండె పరీక్షలు చేయించుకోండి. పిండం ఒక్కటే పెట్టమని అడగండి. కవలలైతే ఈ వయసులో బీపీ, నెలలు నిండని కాన్పు ముప్పు బాగా పెరుగుతుంది.

ప్రశ్న: 42 ఏళ్లు, తొమ్మిదో వారం. బిడ్డ సరిగ్గా పుట్టదని చుట్టుపక్కల వాళ్లు భయపెడుతున్నారు.
– భూపాలపల్లి

జవాబు: నలభై ఏళ్ల తల్లులకు పుట్టే బిడ్డల్లో డౌన్ సిండ్రోమ్ (ఒక క్రోమోజోమ్ ఎక్కువై బుద్ధి ఎదుగుదల నెమ్మదించే పుట్టుక లోపం) సుమారు నూటికి ఒకరికి. మీ వయసుకు ఇంకొంచెం ఎక్కువ, అయినా అత్యధికులకు ఉండదు. 11 వారాలు నిండాక, 14 దాటకముందు ఎన్‌టీ స్కాన్ (బిడ్డ మెడ వెనక నీటి మందం చూసేది), డబుల్ మార్కర్ రక్త పరీక్ష చేయించండి. డబుల్ మార్కర్ లెక్కలో వయసును కూడా కలుపుతారు కాబట్టి మీకు ‘హై రిస్క్’ అని రావచ్చు. కంగారుపడి నిర్ణయం తీసుకోకండి. తర్వాతి మెట్టు ఎన్‌ఐపీటీ రక్త పరీక్ష (తల్లి రక్తంలో కలిసిన బిడ్డ డీఎన్‌ఏను చూసేది), అందులోనూ అనుమానం ఉంటే 15 వారాల తర్వాత ఉమ్మనీటి పరీక్షతో ఖాయం చేస్తారు. బిడ్డ అవయవాలన్నీ చూసే టిఫా స్కాన్ 18–20 వారాల్లో.

75 గ్రాముల గ్లూకోజ్ పరీక్ష ఇప్పుడోసారి, 24–28 వారాల్లో మరోసారి. రెండు గంటలకు 140 గానీ అంతకు మించి గానీ ఉంటే గర్భిణి షుగర్ అన్నట్టు. బీపీ ముప్పు తగ్గడానికి 12వ వారం నుంచి ఆస్పిరిన్ అవసరమా అని మీ డాక్టర్‌ను అడగండి, 16 వారాలు దాటాక మొదలుపెడితే ఫలితం తగ్గుతుంది. తగ్గని తలనొప్పి, కళ్లు మసకబారడం, పొట్ట పైభాగంలో నొప్పి, బ్లీడింగ్ కనిపిస్తే తెల్లారేదాకా ఆగకండి, 108కి ఫోన్ చేయండి.